సలుపుకు పదికి ఎంత?

"నొప్పి పదికి ఎంత ఉంటుంది అమ్మా?" అని డాక్టరమ్మ అడిగింది.

అమ్మ నా వైపు చూసింది. అసలు ఏమీ లేకపోతే సున్నా, ఇక భరించలేను అంటే పది, నీది ఎక్కడుందో ఒక అంకె చెప్పు అని విడమరిచాను. అమ్మ వంగి తన పాదాలను కాసేపు చూసుకుంది, జవాబు అక్కడే రాసి ఉన్నట్టు. "నొప్పి కాదు తల్లీ, మంట" అంది. సరే, మంటే అనుకుందాం, పదికి ఎంత? "పగలంతా తిమ్మిరి. నడుస్తుంటే అరికాలి కింద దూది పరిచినట్టు ఉంటుంది. దీపాలు పెట్టే వేళకు సలుపు మొదలవుతుంది. పడుకున్నాక మంట. నిప్పు మీద కాలు పెట్టినట్టు కాదు, అదయితే కాలు తీసేస్తే పోతుంది. పచ్చికారం పూసి వదిలేసినట్టు."

డాక్టరమ్మ మంచిదే. ముప్ఫై దాటి ఉండవు. బయట కుర్చీలు చాలక జనం గోడకు ఆనుకుని నిలబడి ఉన్నారు. ఆమె ముందున్న కంప్యూటర్‌లో ఒకటే గడి ఉంది, అందులో అంకె తప్ప మరేదీ పట్టదు. "ఏడు వేద్దామా?" అంది. బేరం కుదిరినట్టు అమ్మ తల ఊపింది.

తిరిగి వచ్చేటప్పుడు ఆటోలో నాకు ఆ ఏడే గుర్తుకు వస్తోంది. అందులో తిమ్మిరి ఎంత, సలుపు ఎంత, మంట ఎంత? దూది ఏ గడిలోకి పోయింది? అంకె పనికిరానిదని నేను అనడం లేదు. మందు వేసిన వారానికి ఏడు నాలుగైతే సంతోషమే. కానీ అమ్మ చెప్పిన మాటల్లో జబ్బు పేరే ఉంది. ఇరవై ఏళ్ళ చక్కెర జబ్బు పాదాల్లోని సన్నని నరాలను దెబ్బతీస్తే మొద్దుబారడం, చీమలు పాకడం, రాత్రిపూట మంట రావడం వైద్య గ్రంథాల్లో ఉన్న లక్షణాలే. కండరం పట్టేసినప్పుడు ఎవరూ కారం రాసినట్టు అని చెప్పరు.

ఈ సంగతి వైద్యులకు తెలియనిదేమీ కాదు. మాంట్రియల్‌లోని మెక్‌గిల్ విశ్వవిద్యాలయంలో రోనల్డ్ మెల్జాక్ రోగులు వాడే నొప్పి మాటలను పోగుచేసి, 1975లో ఒక ప్రశ్నావళిగా ప్రచురించాడు. 78 మాటలు, 20 గుంపులు. పొడిచే నొప్పులు ఒకచోట, కాల్చేవి ఒకచోట, పిండేవి ఒకచోట. నొప్పికి ఎక్కువ తక్కువలే కాదు, రకాలు కూడా ఉంటాయనీ, ఆ రకాలను పట్టిచ్చేది రోగి నోటి మాటేననీ ఆయన నమ్మకం. అయితే ఆ 78 ఇంగ్లీషు మాటలు. వాటిని వరసగా తెలుగులోకి దించుకుంటూ పోతే మనకు దక్కేది ఆ ఇంగ్లీషు రోగి నొప్పే. అమ్మ నొప్పి కావాలంటే అమ్మ మాటల దగ్గర మొదలుపెట్టాలి.

మొదలుపెడితే ఎక్కడ ఆగాలో తెలియదు. తెలుగులో నొప్పి అన్నది ఇంటిపేరు లాంటిది, ఇంట్లో మనుషులు వేరు. పోటు వేరు, సలుపు వేరు. పోటు అలలా లేస్తుంది, కాస్త తగ్గి మళ్ళీ లేస్తుంది. కత్తికీ పోటే, సముద్రానికీ పోటే, పంటికీ చెవికీ తలకీ పోటే. ఇది ఊరికే కలిసిన మాట అని నాకు అనిపించదు. సలుపు మొండిది. ఒకచోట కూర్చుని, గుండె కొట్టుకునే లెక్కన కొట్టుకుంటూ, నిద్ర పట్టనివ్వదు. గోరుచుట్టు మీద రోకటిపోటు అన్న సామెత చెప్పినవాడు ఈ తేడా బాగా ఎరిగినవాడు. అప్పటికే సలుపుతున్న వేలి మీద పైనుంచి ఒక పోటు పడింది. రెండు నొప్పులను కలిపి మూడో దాన్ని, మాటల్లో పెట్టలేని దాన్ని, వినేవాడి వేలికి అంటించాడు.

ఇక కాళ్ళు పీకుతాయి, లాగుతాయి. కరీంనగర్ వైపు వాళ్ళయితే గుంజుతున్నాయి అంటారు. నడుము పట్టేస్తుంది. కడుపులో మెలిపెడుతుంది, తిప్పుతుంది, దేవుతుంది. కీలు కలుక్కుమంటుంది. పన్ను జివ్వుమంటుంది. జ్వరం రాబోతుంటే ఒళ్ళంతా తీపులు. ఈ మాటలను వరసలో పెట్టి చూస్తే ఒకటి కనిపిస్తుంది. పీకడం, లాగడం, గుంజడం, మెలిపెట్టడం, దేవడం, పొడవడం, పిండడం, తోడడం, అన్నీ చేతి పనులు. పొలంలోనో వంటింట్లోనో మన చేతులు రోజూ చేసేవే. కంటికి కనిపించని దానికి మన భాష చేతులు తగిలించింది. లోపల ఎవరో కూర్చుని పనిచేస్తున్నారు, నేను వాళ్ళ చేతి కింద ఉన్నాను.

క్రియలు కూడా ఇదే చెబుతాయి. నాకు ఆకలి వేస్తుంది, భయం వేస్తుంది, చలి వేస్తుంది. నాకు కోపం వస్తుంది, నవ్వు వస్తుంది, నిద్ర వస్తుంది. చెమట పడుతుంది, తిమ్మిరి ఎక్కుతుంది, నొప్పి పెడుతుంది. ఎవరు వేస్తారు? ఎక్కడి నుంచి వస్తుంది? వ్యాకరణం చెప్పదు. నేను కర్తను కాను, 'నాకు' అన్న గుమ్మం మాత్రమే. వచ్చేవి వస్తాయి, ఉన్నంతసేపు ఉంటాయి, పోతాయి. తెలుగువాళ్ళు అందుకే కోపానికి బాధ్యత తీసుకోరు అని ఒక మిత్రుడు వెక్కిరించాడు. కావచ్చు. కానీ వచ్చింది పోతుందన్న ఊరట కూడా ఆ క్రియలోనే ఉంది.

మళ్ళీ కారం దగ్గరికి. బడిలో మాకు నేర్పిన ప్రకారం 'కారం పూసినట్టు' అన్నది ఉపమ. ఉపమ అలంకారం. అలంకారం అంటే నగ. నగ తీసేసినా మనిషి మనిషే. ఈ లెక్కన అమ్మ మాటలోంచి కారాన్ని తీసేసి 'ఏడు' అని రాసుకుంటే పోయేదేమీ లేదు. నేను చాలా ఏళ్ళు అలాగే అనుకున్నాను. నా నమ్మకాన్ని చెడగొట్టింది ఒక రసాయనం.

మిరపకాయలో మంట పుట్టించే పదార్థం క్యాప్సైసిన్. అది నరాల మీద ఎక్కడ పనిచేస్తుందో 1997లో కాలిఫోర్నియాలో డేవిడ్ జూలియస్ బృందం కనిపెట్టింది. అది అంటుకునే గ్రాహకం, అంటే నరం మీద కబురు అందుకునే ప్రోటీన్, మిరపకాయ కోసం పుట్టింది కాదు. సుమారు 43 డిగ్రీలు దాటిన వేడి తగిలితే 'కాలుతోంది' అని కబురు పంపేది కూడా అదే. అంటే నిప్పుకూ కారానికీ ఒంట్లో ఒకే తలుపు ఉంది, ఎవరు తట్టినా లోపలికి వినిపించేది ఒకటే చప్పుడు. ఈ పరిశోధనకు జూలియస్ 2021 నోబెల్ బహుమతిలో పాలుపంచుకున్నాడు. ఊరగాయ నాకి "నోరు మండింది" అన్న పసివాడికి ఈ విషయం ఎప్పుడో తెలుసు. మంట అన్న ఒకే మాటను మనం పొయ్యికీ నోటికీ వాడుతున్నది సోమరితనంతో కాదు, ఒళ్ళు అలా చెప్పింది కాబట్టి.

అయితే 'మంట' ఇప్పుడు ఉపమానమా, నిజమా? అమ్మ పాదాలకు నిప్పు తగలలేదు, కారమూ తగలలేదు. దెబ్బతిన్న నరాలు లేని నిప్పు కబురును మోసుకువస్తున్నాయి. ఆ తప్పుడు కబురును అమ్మ అచ్చంగా ఉన్నదున్నట్టు చెప్పింది. ఈ రకం మంటకు క్యాప్సైసిన్ పట్టీలనే మందుగా వాడతారని చదివి చెబితే, "మంటకు కారమా, ఎవడురా వాడు" అని చాలాసేపు నవ్వింది.

ఊహ అన్నది తలలో కూర్చుని బొమ్మలు గీసుకునే పనని మనకొక అపోహ. యుద్ధంలోనో ప్రమాదంలోనో చేయి పోగొట్టుకున్నవాళ్ళలో చాలామందికి ఆ లేని చేయి సలుపుతుంది. కొందరికి లేని పిడికిలి బిగుసుకుపోయి, లేని గోళ్ళు లేని అరచేతిలో గుచ్చుకుంటాయి. తమిళనాట పుట్టి అమెరికాలో పనిచేసే నాడీ శాస్త్రవేత్త వి.ఎస్. రామచంద్రన్ 1990లలో వీళ్ళకోసం ఒక పెట్టె చేశాడు. అందులో ఉన్నదల్లా ఒక అద్దం. ఉన్న చేతిని అద్దం ముందు పెట్టి చూస్తే, ప్రతిబింబం లేని చేతి చోట కనిపిస్తుంది. ఉన్న పిడికిలి విప్పితే లేని పిడికిలి విప్పుకున్నట్టు తోచి, కొందరికి నొప్పి సడలింది. అందరికీ కాదు, కానీ ఆ కొందరు చాలు నాకు. అద్దంలోని బొమ్మ నరాలతో మాట్లాడగలిగినప్పుడు, అమ్మ మాట్లాడిన మాట మాత్రం వట్టి నగ ఎలా అవుతుంది?

1980లో జార్జ్ లేకాఫ్, మార్క్ జాన్సన్ అనే ఇద్దరు అమెరికన్లు రూపకం కవుల సొత్తు కాదనీ, మనం ఆలోచించే తీరే రూపకాలతో నడుస్తుందనీ, ఆ రూపకాలు శరీరానుభవంలోంచి పుడతాయనీ వాదించారు. జాన్సన్ ఆ తర్వాత అర్థానికీ ఊహకూ పునాది శరీరంలోనే ఉందని ఇంకా బలంగా రాశాడు. మొదటిసారి చదివినప్పుడు నాకు ప్రాణం లేచివచ్చింది. రెండోసారి చదివినప్పుడు ఒక ప్రశ్న వచ్చింది: ఎవరి శరీరం?

వాళ్ళ ఉదాహరణల్లో ఆప్యాయత అంటే వెచ్చదనం. తల్లి ఒడి వెచ్చగా ఉంటుంది కాబట్టి ప్రేమ వెచ్చన, పరాయితనం చల్లన. ఇంగ్లీషులో వెచ్చని స్వాగతం, చల్లని చూపు. చల్లని చూపు అంటే అక్కడ తిరస్కారం. తెలుగులో అదే మాటను అమ్మవారి గుడిలో అడుక్కుంటాం: నీ చల్లని చూపు మా మీద ఉండనీ తల్లీ. మన దీవెన "చల్లగా ఉండు". మన సంతోషం "కడుపు చల్లబడింది". మంచి వార్త చల్లని కబురు. ఉతికి తెచ్చిన బట్టలు చలువ బట్టలు, పెళ్ళికి వేసేది చలువ పందిరి, ఎండాకాలం పుణ్యం చలివేంద్రం. మజ్జిగ పేరే చల్ల. ఇటు చెడ్డదంతా వేడి: కడుపు మంట, ఒళ్ళు మండడం, రక్తం మరగడం, ఉడుక్కోవడం. వెచ్చని కౌగిలి మనకూ ఉంది, కాదనను. కానీ ఆశీర్వదించడానికి చెయ్యెత్తినప్పుడు "వెచ్చగా ఉండు" అన్న తెలుగు ముసలమ్మను నేను ఇంతవరకు చూడలేదు.

రెంటచింతలలో మే నెల మధ్యాహ్నం నిలబడ్డవాడికి దీని వెనక ఉన్న తర్కం విప్పి చెప్పనక్కర లేదు. గ్రాహకం అందరిలోనూ అదే. 43 డిగ్రీలు అందరికీ అవే. కానీ ఎండాకాలంలో గాలే ఆ దరిదాపులకు పోయే చోట ఒళ్ళు కోరుకునేది వేరు, మంచులో బతికే చోట కోరుకునేది వేరు. కోరిక ఎటు మొగ్గితే దీవెన అటు మొగ్గుతుంది. శరీరంలోంచి అర్థం పుడుతుందన్న మాట నిజమే. ఆ శరీరం ఏ ఎండలో నిలబడి ఉందో అడగకుండా మొత్తం మానవజాతి తరఫున మాట్లాడితేనే నాకు పేచీ.

2008లో లారెన్స్ విలియమ్స్, జాన్ బార్గ్ ఒక ప్రయోగం ప్రచురించారు. చేతిలో వేడి కాఫీ కప్పు కాసేపు పట్టుకున్నవాళ్ళు, చల్లని కాఫీ పట్టుకున్నవాళ్ళ కంటే, ఎదుటి మనిషిని ఎక్కువ ఆప్యాయత గలవాడిగా అంచనా వేశారట. ప్రపంచమంతా చెప్పుకుంది. పత్రికలు రాశాయి, ఉపన్యాసాల్లో వాడుకున్నారు. తర్వాత ఇంకొందరు మరింత ఎక్కువమందితో అదే ప్రయోగం చేసి 2019లో ప్రకటించిన ఫలితంలో ఆ ప్రభావం కనిపించలేదు. నాకు ఆశ్చర్యం వేయలేదు. కప్పుకూ మనసుకూ మధ్య తీగ అంత పొట్టిగా ఉంటుందని ఎలా అనుకున్నారో! ఒళ్ళు నుంచి మాట దాకా ఉన్న దారిలో వాతావరణం ఉంది, వంట ఉంది, తరాలుగా వాడి అరగదీసిన నుడికారం ఉంది.

వంట అన్నాను కాబట్టి ఒక పక్కదారి. మామిడిపండును ఫ్రిజ్‌లో పెట్టి మంచుగడ్డలా చేసి తిన్నా 'వేడి చేస్తుంది'. కాచిన సగ్గుబియ్యం జావ పొగలు కక్కుతున్నా 'చలువ చేస్తుంది'. ధర్మామీటరుకు ఈ వేడి తెలియదు. మరి అబద్ధమా? పళ్ళు అతిగా తిని సెగగడ్డలు లేచిన మా తమ్ముడి వీపుకు తెలుసు. ఆ గడ్డ పేరులోనే సెగ ఉంది చూడండి. ఇక్కడ వేడి అన్నది ఉష్ణోగ్రత కాదు, ఒంటి గురించి మనవాళ్ళు అల్లుకున్న ఒక పెద్ద కథ. మంటలు, గడ్డలు, విరేచనాలు, కోపాలు, అన్నీ ఆ కథలో పాత్రలు. వైద్యశాస్త్రంగా అందులో ఎంత నిలబడుతుందన్నది వేరే తగువు. అర్థాన్ని అల్లే పనిలో మాత్రం అది నిక్షేపంగా నిలబడింది.

ఆ కథ చేసిన మేలూ కీడూ రెండూ చూశాను. ఏడేళ్ళప్పుడు నాకు ఆటలమ్మ పోసింది. జబ్బు వచ్చిందని ఎవరూ అనలేదు, అమ్మవారు వచ్చిందన్నారు. పక్క మీద వేపాకు పరిచారు, దురద పుడితే వేపరెమ్మతో రాయమన్నారు, గోకితే తల్లికి కోపం వస్తుందన్నారు. పెరుగన్నం. ఇంట్లో తాలింపు వేయలేదు. నాకు భయం వేయలేదు, గొప్పగా అనిపించింది, ఇంటికి పెద్ద చుట్టం వస్తే ఆమె నా ఒంట్లోనే దిగినట్టు. స్నానం చేయించిన రోజు నాయనమ్మ "తల్లి చల్లబడింది" అంది. పొక్కులను అతిథిని చేసిన ఊహ ఒక పిల్లవాడి చేత రెండు వారాలు గోక్కోకుండా ఉంచగలిగింది. కానీ మశూచి తిరిగిన రోజుల్లో ఇదే ఊహ, వచ్చింది తల్లి అయినప్పుడు టీకా వేయించుకోవడం ఆమెను అవమానించడమేనని చాలామందిని వెనక్కి లాగింది. మన దేశంలో మశూచి చివరి కేసు 1975లో. అప్పటిదాకా ఎందరు పోయారో, వాళ్ళలో ఎందరి తలుపు దగ్గర టీకా వేసేవాళ్ళు నిలబడి తిరిగిపోయారో. అందుకే మన మాటలన్నీ బంగారం అని పాడేవాళ్ళతో నేను గొంతు కలపను.

చల్లదనం గురించి మన పాత పండితులు నాకంటే ముందే తగువు పెట్టుకున్నారు. మాటకు ఉన్న నేరు అర్థం పొసగనప్పుడు దానికి దగ్గరి అర్థం తీసుకోవడాన్ని లక్షణావృత్తి అంటారు. దానికి ఆలంకారికులు ఎప్పుడూ చెప్పే ఉదాహరణ 'గంగాయాం ఘోషః', గంగలో గొల్లపల్లె. నీళ్ళలో పల్లె ఉండదు కాబట్టి గంగ ఒడ్డున అని సర్దుకుంటాం. మరి చెప్పినవాడు ఒడ్డున అనే నేరుగా అనవచ్చు కదా? గంగలో అంటేనే ఆ పల్లె చల్లదనమూ పవిత్రతా వినేవాడికి తడతాయి, చెప్పకుండానే ఇలా తట్టించడం వ్యంజన అన్నారు. 9వ శతాబ్దపు కాశ్మీరంలో ఆనందవర్ధనుడు ధ్వనిని, అంటే మాట వెనక తోచే అర్థాన్ని, కావ్యానికి ఆత్మగా నిలబెట్టింది ఇలాంటి తట్టడం మీదే. నా చూపు ఆ రెండింటిలో మొదటి దాని మీద ఆగుతుంది. పవిత్రతను బోధిస్తే నేర్చుకోవచ్చు. చల్లదనం చర్మానికి తెలియాలి. ఎండలో నడిచివచ్చి ఏటిలో కాలు పెట్టని వాడికి ఆ లోపలి అర్థం ఎక్కడ తడుతుంది? కావ్యాన్ని మనసుతో అందుకునే సహృదయుడు కావాలన్నారు సరే, సహృదయుడికి చర్మం కూడా ఉండాలని విడిగా రాయలేదు, రాయనక్కర లేదని అనుకున్నారేమో.

ఇప్పుడు రాయవలసి వస్తోంది. న్యూజెర్సీలో ఉన్న మా చెల్లెలి కూతురికి ఎనిమిదేళ్ళు. తెలుగు ముద్దుగా మాట్లాడుతుంది, మనసులో ఇంగ్లీషు పేర్చుకుని. మొన్న జనవరిలో వీడియోలో అమ్మమ్మతో మాట్లాడుతూ, హీటర్ చెడిపోయి వణుకుతూ, "నేను చాలా చల్లగా ఉన్నాను అమ్మమ్మా" అంది. మా అమ్మ మొహం విప్పారింది. "నా తల్లే, ఎప్పుడూ అలాగే చల్లగా ఉండు" అని చేతులెత్తి దీవించింది. ఆ పిల్ల దుప్పటి ఇంకాస్త దగ్గరికి లాక్కుంది. 'నాకు చలి వేస్తోంది' అన్నది ఆ పిల్లకు రాలేదు, 'నేను' అని మొదలుపెట్టే భాషలో ఉంది కాబట్టి. తప్పు దిద్దబోయి ఆగాను. ఇద్దరూ ఒకే వాక్యంలో, రెండు వేరు వేరు ఒళ్ళతో కూర్చుని ఉన్నారు.

దిక్కుల విషయంలోనూ ఇంతే. కళ్ళు ముందుకే ఉన్నాయి, అందరమూ ముందుకే నడుస్తాం, కాబట్టి భవిష్యత్తు అందరికీ ముందే ఉండాలి కదా? ఆండీస్ పర్వతాల్లోని ఐమారా భాషలో కన్ను, ముందు, గతం మూడింటికీ 'నయ్ర' అన్న మాటే. జరిగిపోయింది చూశాం కాబట్టి కళ్ళ ముందుంది, జరగబోయేది కనపడదు కాబట్టి వీపు వెనక. రఫాయెల్ నూన్యెస్, ఈవ్ స్వీట్సర్ 2006లో ప్రచురించిన పరిశీలన ప్రకారం అక్కడి పెద్దవాళ్ళు పాతకాలం గురించి చెప్పేటప్పుడు చేతులు ముందుకు చాపుతారు, రేపటి గురించి అయితే భుజం వెనక్కి. మనం అంత దూరం పోనక్కర లేదు. ముందు రోజు అంటే గడిచిన రోజు, ముందు ముందు అంటే రాబోయే రోజులు. వెనకటికి ఒక రాజు ఉండేవాడు అంటే పాతకాలం. ముందొచ్చిన చెవుల కన్నా వెనకొచ్చిన కొమ్ములు వాడి అంటే మాత్రం, వెనక వచ్చినవి కొత్తవి. ఏ తెలుగువాడూ ఇందులో తడబడడు. ఎప్పుడు తాను నడుస్తున్నాడో, ఎప్పుడు పశువు తల మీద మొలుచుకొస్తున్న వాటిని చూస్తున్నాడో నాలుకకు తెలుసు.

కొలతల గురించి చెప్పకపోతే పదికి ఏడు తెగదు. 1956లో పార్లమెంటు తూనికలు, కొలతల చట్టం చేసి దేశమంతటికీ మీటరు తెచ్చింది. అయినా మా వీధి చివర పూలు ఈ రోజుకీ మూరల్లోనే అమ్ముతారు. మోచేతి నుంచి నడివేలి కొస దాకా మూర. ఎవరి మోచేయి? మా పిన్ని పొడగరి, పూలమ్మే ఆమె పొట్టి. "నా మూర వేయి" అని పిన్ని చేయి చాపుతుంది. "చేయి నాది, పూలు నావి, మూర కూడా నాదే" అంటుంది ఆమె. రోజూ ఇదే తగువు, చివరికి నాలుగు వేళ్ళ మాల కొసరు. చిటికెడు ఉప్పు, గుప్పెడు బియ్యం, బారెడు పొద్దు, జానెడు పొట్ట, కూతవేటు దూరం. కూత ఎంత దూరం పోతుంది? పిలిచే గొంతును బట్టి, గాలిని బట్టి. ఈ కొలతల్లో కచ్చితం తక్కువే. కొలిచిన మనిషి మాత్రం కొలతలోనే ఉంటాడు.

వీటిలో నాకు అన్నిటికంటే ఇష్టమైనది లోతు కొలత. చీలమండ లోతు, మోకాలి లోతు, మొలలోతు, పీకల్లోతు. ఇదీ మెట్లున్న కొలబద్దే, డాక్టరమ్మ అంకెల లాగే. తేడా అల్లా ఈ మెట్ల మీద మనిషి నీళ్ళలో దిగుతున్నాడు. పీకల్లోతు అప్పుల్లో ఉన్నాడంటే మొత్తం ఎంతో తెలియనక్కర లేదు, ఇంకొక్క బెత్తెడు పెరిగితే ఊపిరి ఆడదని తెలుస్తుంది. ఏడు తర్వాత ఎనిమిది వస్తుంది. పీకల్లోతు తర్వాత ఏమి వస్తుందో ఎవరూ లెక్కపెట్టరు.

ఒక రాత్రి అమ్మ నిద్రపట్టక మంచం మీద కూర్చుని అరికాళ్ళు చల్లని గచ్చుకు ఆనించుకుంటూ ఉంటే అడిగాను. "అమ్మా, ఈ మంట మోకాలి లోతా, మొలలోతా, పీకల్లోతా?"

ఆలోచించలేదు. "రెండు గంటలప్పుడు పీకల్లోతు. ఇప్పుడు నువ్వు లేచి వచ్చి కూర్చున్నావు కదా, మొలలోతుకు దిగింది" అంది.

మర్నాడు ఒక కాగితం మీద ఆమె మాటలే, ఆమె చెప్పిన వరసలోనే రాశాను. పగలు దూది. దీపాల వేళ సలుపు. పడుకున్నాక పచ్చికారం. రెండింటికి పీకల్లోతు, పక్కన మనిషి ఉంటే మొలలోతు. నెల తర్వాత ఆసుపత్రికి వెళ్ళినప్పుడు డాక్టరమ్మకు ఇచ్చాను. ఆమె మొత్తం చదివింది, 'పచ్చికారం' దగ్గర ఆగి నవ్వింది, రాత్రి వేసుకునే మందు సమయం మార్చింది. కాగితాన్ని మడిచి ఫైలులో పెట్టుకుంది. తర్వాత కంప్యూటర్ వైపు తిరిగి, గడి గడే కాబట్టి, మళ్ళీ అడిగింది: "పదికి ఎంత అమ్మా ఇప్పుడు?"

"ఆరు" అంది అమ్మ, ఈసారి నా వైపు చూడకుండా.

బయటకు వచ్చాక సంతోషంగా అడిగాను. "తగ్గిందన్నమాట?"

"ఎక్కడ తగ్గింది? అట్లాగే ఉంది" అంది చెప్పులు వేసుకుంటూ. "పోయినసారి ఏడన్నాం కదా. నెల రోజులు మందులిచ్చింది. ఒకటన్నా తగ్గించకపోతే ఆ పిల్ల చిన్నబుచ్చుకుంటుంది."